ఒక్క నత్త మిగిలితే దానికి పిల్లల్ని పుట్టించలేరా? (జార్జ్ గురించి అడిగినవారికి)

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇది. మీ కొబ్బరి తోటలో ఆఫ్రికా నత్తల్ని రోజూ బకెట్ల కొద్దీ ఏరుతున్నా తరగడం లేదు. హవాయిలో మాత్రం జార్జ్ అనే ఒకే ఒక్క నత్త 2019లో చనిపోతే ఒక జాతే అంతరించిపోయిందని ఎక్కడో చదివారు. నత్తలో ఆడా మగా రెండూ ఒకే ఒంట్లో ఉంటాయి కదా, అంతమంది సైంటిస్టులు ఉండీ దానికి ఒక్క పిల్లనైనా పుట్టించలేకపోయారా అన్నది మీ అనుమానం. చివర్లో క్లోనింగ్ (ఒక జీవి కణం నుంచి దాని నకలును పుట్టించడం) సంగతి కూడా అడిగారు.

సూటిగా చెప్పాలంటే, పుట్టించలేరు. ఆ జాతి నత్తకు రెండు లింగాలూ ఉన్నా, పిల్ల పుట్టాలంటే ఇంకో నత్తతో జతకట్టాల్సిందే. ఆ ఇంకో నత్త కోసం పదేళ్లకు పైగా వెతికారు, దొరకలేదు. క్లోనింగ్ నత్తల్లో ఇప్పటికైతే కాని పని. అయితే జార్జ్ దగ్గర మొదలుపెడితే కథ చివరి పేజీ చదివినట్టే. అది ఒంటరి కావడానికి చాలా ముందే, ఆ జాతి మొత్తం పది నత్తలకు పడిపోయినప్పుడే, పని దాదాపు అయిపోయింది. పదికి ఎందుకు పడిపోయిందో చెప్పుకుంటూ వస్తే మీ తోటలో నత్తలు కూడా కథలోకి వస్తాయి.

ముందు నా సంగతి రెండు ముక్కల్లో. గోదావరి జిల్లాల్లో పన్నెండేళ్లు పంటల పురుగుల మీద, నత్తల మీద పనిచేశాను. తర్వాత రెండున్నరేళ్లు హవాయిలో, చెట్టు నత్తల్ని పెంచే ఒక ల్యాబ్‌లో ఉన్నాను. నేను వెళ్లేసరికి జార్జ్ లేదు. దాని దాయాదుల్ని మాత్రం ఈ చేతులతో పెంచాను. "నత్తల్ని చంపే ఉద్యోగం మానేసి నత్తల్ని సాకే ఉద్యోగంలో చేరావా" అని మా నాన్నగారు ఫోన్ చేసినప్పుడల్లా నవ్వేవారు.

జార్జ్ జాతి పేరు అకాటినెల్లా అపెక్స్‌ఫుల్వా. అకాటినెల్లా అనే ప్రజాతిలో (అంటే దగ్గరి చుట్టాలైన జాతుల గుంపులో) 40కి పైగా జాతులుండేవి, అన్నీ ఓహూ అనే ఒక్క దీవిలోనే. హొనొలులు నగరం ఉన్న దీవి అదే. రెండు సెంటీమీటర్లుండే గుల్ల, పైన లక్క పూసినట్టు మెరుపు, చుట్టూ గోధుమ, పసుపు, తెలుపు చారలు. అపెక్స్‌ఫుల్వా అంటే కొస పసుపుపచ్చగా ఉండేది అని అర్థం. ఆ ప్రజాతిలో ఇంకో చిత్రం ఉంది. కొన్ని గుల్లలు కుడివైపుకి, కొన్ని ఎడమవైపుకి తిరుగుతాయి. మనవాళ్లు దక్షిణావర్త శంఖం కోసం ఎంత డబ్బయినా పోస్తారు, శంఖాల్లో అది అంత అరుదు. అక్కడ రెండు రకాలూ మామూలే.

హవాయిలో 750కి పైగా నేల నత్త జాతులుండేవి. వాటన్నిటిలో యూరప్ శాస్త్రానికి మొదట పరిచయమైంది ఈ జాతే. ఎలాగంటే, 1787 ప్రాంతంలో జార్జ్ డిక్సన్ అనే ఓడ కెప్టెన్ ఓహూలో ఆగినప్పుడు అక్కడివాళ్లు మెళ్లో ఒక దండ వేశారు. ఆ దండకు గుచ్చిన గుల్లల్ని చూసి 1789లో ఈ జాతిని వర్ణించారు. దండలు గుచ్చుకునేటన్ని నత్తలు ఉండేవన్నమాట, చెట్టు ఊపితే రాలేటన్ని. అడవిలో నత్తలు పాడతాయని హవాయివాళ్ల పాత గీతాల్లో ఉంటుంది. అది చిమ్మెటల చప్పుడని కొందరంటారు. ఏదైనా, పాట కట్టేటంతగా కళ్ల ముందు ఉండేవి.

ఇక జతకట్టే విషయం. ఉభయలింగి అనగానే తనలో తానే పిల్లల్ని కనేస్తుందని చాలామంది అనుకుంటారు. క్లాసులో నేను చెప్పినప్పుడు కూడా ఇదే ప్రశ్న వచ్చేది. రెండు లింగాలు ఉండడం వేరు, తన బీజంతో తనే ఫలించడం వేరు. కొన్ని నత్త జాతులు ఒంటరిగా ఆ పని చేయగలవు, చాలా జాతులు చేయవు. రెండు లింగాలు ఉండడం వల్ల అసలు లాభం వేరే ఉంది. నెమ్మదిగా కదిలే జీవికి తన జాతిది ఎదురుపడడమే అరుదు, అలాంటప్పుడు ఎదురుపడిన ప్రతిదీ జతకు పనికొస్తుంది. కానీ ఎదురుపడడానికి ఒకటి ఉండాలి కదా. జార్జ్‌ని "అతడు" అని పిలవడం కూడా ఆ పేరు వల్లే. గాలపాగోస్ దీవుల్లో తన రకంలో చివరిదిగా మిగిలి 2012లో చనిపోయిన తాబేలు లోన్‌సమ్ జార్జ్ పేరు దీనికి పెట్టారు.

అసలు తేడా పిల్లల లెక్కలో ఉంది. మీ తోటలో ఆఫ్రికా నత్త ఒక్క విడతకు 200 వరకు గుడ్లు పెడుతుంది, ఏడాదిలో అలా ఎన్నో విడతలు. ఆరు నెలలకే ఈడుకొస్తుంది. ఒకసారి జతకట్టిన నత్త ఆ బీజాన్ని నెలల తరబడి ఒంట్లో దాచుకుని, తర్వాత ఎప్పుడో ఒంటరిగా ఉన్నప్పుడు కూడా గుడ్లు పెట్టగలదు. అందుకే కుండీ మట్టిలో ఒక్క నత్త వచ్చినా చాలు. 1966లో ఒక పిల్లవాడు హవాయి నుంచి మూడు ఆఫ్రికా నత్తల్ని మయామికి తీసుకెళ్లాడు. వాళ్ల అమ్మమ్మ వాటిని పెరట్లో వదిలేసింది. ఏడేళ్లలో 18,000కి పైగా నత్తలు దొరికాయి. వాటిని పూర్తిగా తుడిచిపెట్టడానికి పదేళ్లు, పది లక్షల డాలర్లు పట్టింది.

హవాయి చెట్టు నత్త గుడ్లు పెట్టదు, పిల్లను కంటుంది. ఒక్కసారికి ఒక్క పిల్ల. ఏడాది మొత్తానికి ఆ సంఖ్య వేళ్ల మీద లెక్కపెట్టుకునేంతే. ఆ పిల్ల పెద్దదై తన పిల్లను కనడానికి నాలుగైదేళ్లు పడుతుంది, అడవిలో కొన్ని జాతులకు ఇంకా ఎక్కువే. ఆకు తినదు, ఆకు మీద పేరుకునే కంటికి కనపడని బూజును, పాకుడును నాకి బతుకుతుంది. చెట్టుకు దాని వల్ల నష్టం లేదు, పైగా ఆకు శుభ్రమవుతుంది. పదిహేను, ఇరవై ఏళ్లు బతకగలదు. నత్త అనగానే మనకు మీ తోటలోదే గుర్తొస్తుంది గానీ, ఇది పిల్లల విషయంలో ఏనుగుకు దగ్గర.

ల్యాబ్‌లో ఆ లెక్క ఎంత బరువో చేతికి తెలిసేది. ఫ్రిజ్ లాంటి చల్లటి పెట్టెల్లో ప్లాస్టిక్ డబ్బాలు ఉంటాయి, వాటిలో నత్తలు. రోజుకు కొన్నిసార్లు మంచులాగా నీళ్లు పడతాయి. కొండ మీద నుంచి ఓహియా చెట్టు కొమ్మలు కోసుకొచ్చి, ప్రతి ఆకూ తిప్పి చూసి, చీమ గాని, వేరే నత్త గుడ్డు గాని లేదని తేల్చుకున్నాకే లోపల పెట్టాలి. దాంతోపాటు గాజు పళ్లెంలో పెంచిన బూజు కూడా పెట్టేవాళ్లం. రెండు వారాలకోసారి డబ్బా ఖాళీ చేసి నత్తల్ని లెక్కపెట్టాలి. ఒకసారి నా లెక్కలో ఒకటి తగ్గింది. అంతకు ముందు లెక్కలో కొత్తగా రాసుకున్న పిల్ల, బియ్యపుగింజ కంటే పెద్దదేమీ కాదు. పాత కొమ్మలన్నీ ట్రేలో పోసి, ఒక్కో ఆకూ వెలుతురుకి ఎత్తి చూస్తూ రెండు గంటలు కూర్చున్నాను. చివరికి ఒక చిగురు ముడుచుకున్న చోట, మడతలో అతుక్కుని ఉంది. ఆ టెన్షన్‌లో నా చొక్కా మొత్తం తడిసిపోయింది. మన దగ్గర పనిచేసినప్పుడు గోతాల కొద్దీ నత్తల్ని ఉప్పునీళ్లలో పోయించినవాణ్ణి నేనే.

ఇప్పుడు జార్జ్ జాతి లెక్క చూడండి. 1997లో అడవిలో కనిపించిన చివరి పది నత్తల్ని హవాయి విశ్వవిద్యాలయం ల్యాబ్‌కి తెచ్చారు. అక్కడ కొన్ని పిల్లలు పుట్టాయి, జార్జ్ కూడా అలా ల్యాబ్‌లో పుట్టిందే, అడవి చూడలేదు. తర్వాత ఒక్కొక్కటే చనిపోయి జార్జ్ మిగిలింది. పది నత్తలంటే, మంచి ఏడాదిలో కూడా పుట్టేవి కొద్ది పిల్లలు, అవి ఈడుకొచ్చేసరికి నాలుగైదేళ్లు. ఈలోపు ఒక్క జబ్బు వస్తే చాలు. పసిఫిక్ మహాసముద్రంలో ఫ్రెంచ్ పాలినేషియా దీవుల్లోని రాయాటేయాకి చెందిన పార్టులా టర్గిడా అనే నత్త జాతి చివరిది 1996 జనవరిలో లండన్ జూలో చనిపోయింది. ఒక సూక్ష్మ పరాన్నజీవి దాన్ని చంపిందని తేలింది. అక్కడ కూడా చూసేవాళ్ల తప్పేమీ లేదు. అన్నీ ఒకే గదిలో ఉన్నప్పుడు ఒకదానికి వచ్చింది మిగతావాటికి అంటుతుంది.

జార్జ్ 2019 జనవరి 1న చనిపోయింది. వయసు దాదాపు 14 ఏళ్లు.

సరే, అడవిలో పదికి ఎవరు దించారు? దోషి ఒక్కడే అయితే చెప్పడం తేలిక. పందొమ్మిదో శతాబ్దంలో గుల్లలు సేకరించడం అక్కడ పెద్ద సరదా. మిషనరీ కుటుంబాల పిల్లలు గుర్రాలెక్కి లోయల్లోకి వెళ్లి వేలకొద్దీ ఏరుకొచ్చేవారు. వాళ్లలో జాన్ థామస్ గులిక్ అనే అతను ఒక్కో లోయకు ఒక్కో రకం గుల్ల ఎందుకుందని ఆలోచించి, జీవులు విడివిడిగా ఉండిపోతే వేరే జాతులవుతాయన్న మాట మీద గట్టి పని చేశాడు. శాస్త్రానికి లాభమే, నత్తలకు కాదు. తర్వాత అడవులు నరికారు, పశువులు తొక్కాయి. ఓడల్లో దిగిన ఎలుకలు చెట్లెక్కాయి. 1970లలో పెంపుడు జంతువుల వ్యాపారం వల్ల ఆఫ్రికా ఊసరవెల్లి ఒకటి వచ్చి చేరింది, అది కూడా నత్తల్ని మింగుతుంది.

వీటన్నిటికంటే పెద్ద దెబ్బ మంచి చేద్దామని చేసిన పని. మీ తోటలో ఉన్న ఆఫ్రికా నత్తే 1936లో హవాయి చేరింది. తోటలు తినేస్తోందని గగ్గోలు. దాన్ని తినే నత్తను తెచ్చి వదిలితే సరి అనుకుని 1955లో ఫ్లోరిడా నుంచి యూగ్లాండినా రోజియా అనే వేట నత్తను తెచ్చి వదిలారు. అక్కడ దానికి తోడేలు నత్త అని పేరు. నోటి పక్కన మీసాల్లాంటి రెండు పెదవులుంటాయి, వాటితో నేల మీద జిగురు చారను వాసన పడుతూ వెంటపడుతుంది. నత్తల్లో వేగమైనదే. చెట్టెక్కుతుంది. చిన్న నత్తను గుల్లతో సహా మింగుతుంది. తెచ్చింది ఆఫ్రికా నత్త కోసమైతే, అది మరిగింది స్థానిక నత్తల్ని. ఆఫ్రికా నత్త ఇప్పటికీ హవాయిలో ఉంది. వేట నత్తను తెచ్చిన ప్రతి దీవిలోనూ దాదాపు ఇదే జరిగింది. తాహితీ పక్కన మోరియా దీవిలో 1977లో వదిలారు. పదేళ్లలో, 1987కల్లా, అక్కడి పార్టులా నత్తలు అడవిలో కనపడకుండా పోయాయి. ఇన్నేళ్ల తర్వాత కూడా నాకు మింగుడుపడనిది ఇదే. 1955 నాటికి తెలియలేదంటే సరే, 1977 నాటికి హవాయి సంగతి తెలియకపోవడం ఏమిటి?

అడవిలో నేల మీద దొరికే గుల్లను చూసి ఎవరు చంపారో చెప్పొచ్చు. గుల్ల అంచు పగిలి, పళ్లతో కొరికినట్టు గరుకుగా ఉంటే ఎలుక పని. గుల్ల నిండుగా, మెరుస్తూ, లోపల ఖాళీగా ఉంటే తోడేలు నత్త పని. రెండో రకం గుల్లలు ఒకే చెట్టు కింద నాలుగైదు కనపడితే ఆ రోజు ఎవరూ పెద్దగా మాట్లాడేవాళ్లు కాదు.

అందుకే ఇప్పుడు మిగిలిన జాతుల కోసం అడవిలో కంచెలు కట్టారు. మనిషి నడుమెత్తు గోడ, పైన కిందికి వంగిన అంచు, దాని కింద కొసలు తేలేలా కత్తిరించిన రాగి జాలీ, ఆపైన సన్నటి కరెంటు తీగ. నత్తకు రాగి అంటే పడదు. మూడింట్లో ఒకటి తప్పినా ఇంకొకటి ఆపుతుంది. లోపల ఉన్న తోడేలు నత్తల్ని ముందు ఏరేయాలి. అంటే తలకి లైటు కట్టుకుని, రాత్రిపూట, వానలో, మోకాళ్ల మీద పాకుతూ ఆకుల చెత్తంతా చేత్తో తిరగేయడం. మేం చూసుకునే ఒక కంచెలో గాలివాన తర్వాత లెక్క తగ్గింది. వెళ్లి చూస్తే బయటి చెట్టు కొమ్మ ఒకటి విరిగి గోడ మీద వంతెనలా పడి ఉంది. లోపల ఒకే ఒక్క తోడేలు నత్త. అది రావడానికి పట్టింది ఒక్క కొమ్మ, అది తిన్నవాటి లోటు తీరడానికి ఎన్నేళ్లు పడుతుందో మీరే లెక్క వేసుకోండి. కొమ్మల్ని ముందే కొట్టించి ఉండాల్సింది. ఆ నెల చేయాల్సిన పనుల్లో అది నా పేరు మీదే ఉంది.

క్లోనింగ్ గురించి. 2017లో జార్జ్ పాదం నుంచి రెండు మిల్లీమీటర్ల ముక్క తీసి అమెరికాలోని శాన్ డియేగోలో జీవకణాల్ని గడ్డకట్టించి దాచే చోట భద్రపరిచారు. జార్జ్ జన్యువులు పోలేదు, నిజమే. కానీ క్లోన్ చేయాలంటే ఆ కణాన్ని పెట్టడానికి ఒక అండం కావాలి, దాన్ని మోసే నత్త కావాలి, అదీ పిల్లను కనే రకం. ఆ పద్ధతి నత్తల్లో ఎవరి చేతిలోనూ లేదు. రేపు సాధించారే అనుకుందాం, పుట్టేవన్నీ ఒకే జార్జ్ నకళ్లు. వాటిని వదిలే అడవిలో తోడేలు నత్త అలాగే ఉంటుంది. ఆ డబ్బు ఉంటే ముందు రెండు కంచెలు కట్టమంటాను నేను. ఇది నా అభిప్రాయం, ల్యాబ్‌లో నాతో ఏకీభవించనివాళ్లూ ఉండేవారు.

ఒక జాగ్రత్త చెప్పాలి. నత్తల విషయంలో "అంతరించింది" అన్న మాట తొందరపడి అనేయకూడదు. హిందూ మహాసముద్రంలో అల్డబ్రా దీవుల చారల నత్త 1997 తర్వాత కనపడలేదు. వానలు తగ్గడం వల్ల పోయిందని 2007లో ప్రకటించారు. 2014 ఆగస్టులో మళ్లీ దొరికింది, పిల్లలతో సహా. బెర్ముడాలో పోయిందనుకున్న పెద్ద నత్త హామిల్టన్ పట్టణంలో ఒక సందులో కనిపించింది, చెత్తాచెదారం మధ్య. వేలెడంత జీవి, రాత్రుళ్లు తిరిగేది, వెతికేవాళ్లు నలుగురైదుగురు. కనపడలేదంటే లేనట్టు కాదు. జార్జ్ జాతి విషయంలో మాత్రం ఆ ఆశకు చోటు చాలా తక్కువ. ఓహూలోని కోవొలావు కొండల్లో అది ఉండే గట్లన్నీ తెలిసినవే, ఏళ్ల తరబడి మళ్లీ మళ్లీ తిరిగారు.

మంచి కబురు కూడా ఉంది. మోరియా పార్టులా నత్తల్లో కొన్నిటిని పూర్తిగా పోకముందే పట్టుకెళ్లి బ్రిటన్, అమెరికా జూల్లో తరాల తరబడి పెంచారు. 2015 నుంచి ఆ దీవుల్లో మళ్లీ వదులుతున్నారు. పార్టులా టోహివియానా అనే జాతిలో అడవిలోనే పుట్టి పెరిగిన పెద్ద నత్తలు దొరికాయని 2024లో తెలిసింది. వాటికీ జార్జ్ జాతికీ తేడా అదృష్టం ఒక్కటే కాదు, పట్టుకొచ్చేనాటికి ఎన్ని మిగిలాయన్నది కూడా.

ఇక మీ తోట. ఆఫ్రికా నత్త మన దేశానికి 1847లో వచ్చింది. విలియం బెన్సన్ అనే ఆయన మారిషస్ నుంచి తెచ్చి కలకత్తాలో తోటలో వదిలాడు. అంత పాతదాన్ని మీరొక్కరే పోగొట్టలేరు, కానీ తగ్గించొచ్చు. సాయంత్రం జనుప గోతాలు తడిపి బోదెల పక్కన పరిచి, కింద క్యాబేజీ ఆకులో బొప్పాయి ముక్కలో పెట్టండి. తెల్లవారుజామున గోతాం ఎత్తితే అన్నీ ఒకచోటే ఉంటాయి. ఏరేటప్పుడు గ్లౌజులు తప్పనిసరి. మెదడు పొరలకు జబ్బు తెచ్చే ఎలుక పురుగు ఈ నత్తల ద్వారా మనుషులకు రావచ్చు, పిల్లల్ని ముట్టుకోనివ్వకండి. రాళ్లుప్పు కలిపిన చిక్కటి నీళ్లలో వేసి, తర్వాత లోతుగా పూడ్చండి. ఆ నీళ్లు మాత్రం కొబ్బరి మొదట్లో పోయకండి. గుడ్లు పసుపుపచ్చ తెలుపులో, మిరియాల కంటే కొంచెం పెద్దగా, కుప్పగా మట్టిలో ఉంటాయి. రాలిన మట్టల కింద వెతకండి. మీరు పక్కనవాళ్లతో కలిసి ఒకేసారి చేయకపోతే వారంలో మళ్లీ అవతలి గట్టు నుంచి వస్తాయి.

నత్తల్ని తినే నత్తను ఎవరైనా తెచ్చి ఇస్తామంటే వద్దనండి, ఎంత చవకగా ఇచ్చినా సరే. ఇంకొకటి. ఏరేటప్పుడు చిటికెన వేలి గోరంత, పలచటి గుల్లల నత్తలు కూడా చేతికి రావచ్చు. అవన్నీ ఆఫ్రికా నత్త పిల్లలు కాకపోవచ్చు. ఆఫ్రికా నత్త పిల్లకు కూడా గుల్ల కోసుగా ఉంటుంది, గోధుమ చారలు నిలువుగా కనపడతాయి. బల్లపరుపుగా, చక్రంలా చుట్టుకుని ఉన్నవి వేరే రకాలు, వాటిని బకెట్లో వేయకండి. అనుమానం ఉంటే ఒక తెల్ల కాగితం మీద, పక్కన రూపాయి బిళ్ల పెట్టి ఫొటో తీసి ఇక్కడే పెట్టండి, చూసి చెప్తాను.